యుద్ధం చూసొచ్చిన పిల్లలకు ఏ దారి మంచిది? విశాఖలో ఉన్నవాళ్ల కోసం ఒక పోలిక

2023 ఏప్రిల్ ఆఖర్లో మా చెల్లెలు, మరిది, వాళ్ల ఏడేళ్ల బాబు సూడాన్ రాజధాని ఖార్టూమ్ నుంచి విశాఖ వచ్చేశారు. ఏప్రిల్ 15న అక్కడ సైన్యానికి, ఆర్‌ఎస్‌ఎఫ్ అనే పారామిలటరీ దళానికి మధ్య కాల్పులు మొదలయ్యాయి. ముగ్గురూ తొమ్మిది రోజులు కిటికీలకు దూరంగా నడవాలో పరుపు వేసుకుని పడుకున్నారు. కరెంటు లేదు, కుళాయి రాలేదు. తర్వాత బస్సులో ఎనిమిది వందల కిలోమీటర్లకు పైగా వెళ్లి పోర్ట్ సూడాన్ చేరారు. అక్కడి నుంచి, మన వాళ్లని వెనక్కి తేవడానికి భారత ప్రభుత్వం చేపట్టిన ఆపరేషన్ కావేరీలో నేవీ ఓడ మీద జెడ్డా, ఆపైన విమానం.

ఇంటికొచ్చాక బాబు ఏడవలేదు. బాగానే తిన్నాడు. గట్టోడే అనుకున్నాం. మూడో రోజు రాత్రి నీళ్ల చప్పుడు వినిపించి లేచి చూస్తే, ఇంట్లో దొరికిన ఖాళీ బాటిళ్లన్నీ తెచ్చి నింపుతున్నాడు. కూల్‌డ్రింక్ బాటిళ్లు, ఒక తేనె సీసా, మా అమ్మ మందుల డబ్బా కూడా. పదకొండు లెక్కపెట్టి మంచం కింద వరసగా పెట్టాడు. ఒక్కో మూతా తిప్పి తిప్పి బిగిస్తున్నాడు. "ఎందుకు నాన్నా?" అంటే, నా వైపు చూడకుండానే "రేపు రావు పెద్దమ్మా" అన్నాడు.

నేను డాక్టర్ని కాదు, పాతికేళ్లుగా పిల్లలకు పాఠాలు చెబుతున్న టీచర్ని. ఆ తర్వాత ఏడాదిన్నర పాటు వాడి కోసం తిరగని చోటు లేదు, అడగని మనిషి లేడు. అప్పటి నుంచి ఇజ్రాయెల్ నుంచి, ఇరాన్ నుంచి వచ్చిన కుటుంబాలు, సరిహద్దు జిల్లాల నుంచి ట్రాన్స్‌ఫర్ మీద ఇక్కడికొచ్చిన డిఫెన్స్ వాళ్లు తెలిసినవాళ్ల ద్వారా నాకు ఫోన్ చేస్తూనే ఉన్నారు. అడిగేది ఒకటే: కౌన్సెలింగ్‌కి తీసుకెళ్లాలా, వద్దా? తీసుకెళ్తే ఎలాంటి దానికి? ఒక్కొక్కరికీ విడివిడిగా చెబుతున్నదే ఇక్కడ రాస్తున్నాను.

ముందు క్యాలెండర్ చూడండి

ఏ పద్ధతి మంచిదని అడిగే ముందు, బిడ్డ ఆ చోటు నుంచి బయటపడి ఎన్నాళ్లైందో లెక్కపెట్టండి. మిగతా ఎంపికంతా దాన్ని బట్టే ఉంటుంది.

మొదటి నెల రోజుల్లో నిద్ర చెడిపోవడం, చిన్న చప్పుడుకి ఉలిక్కిపడటం, ఎప్పుడో మానేసిన పక్క తడపడం మళ్లీ మొదలవ్వడం, అమ్మ కొంగు వదలకపోవడం, ఇవన్నీ మామూలే. ప్రమాదం తప్పిపోయిందని మనసుకు తెలిసినా ఒంటికి ఇంకా నమ్మకం కుదరదు. సొంత మనుషులు దగ్గరుండి, రోజు ఒక పద్ధతిగా గడుస్తుంటే చాలామంది పిల్లలు మెల్లగా కుదురుకుంటారు. పీటీఎస్‌డీ (ఘోరమైన అనుభవం తర్వాత వదలకుండా పట్టుకునే భయం) అనే జబ్బు పేరు పెట్టాలన్నా లక్షణాలు నెలకు మించి ఉండాలి. కాబట్టి వారం తిరక్కుండానే పెద్ద థెరపీ కోసం పరుగులు పెట్టాల్సిన పని లేదు.

నెల దాటాక కూడా అవే లక్షణాలు అలాగే ఉన్నా, పెరుగుతున్నా ఇక ఆగకండి. "స్కూల్ తెరిస్తే అదే సర్దుకుంటుంది" అని జూన్ దాకా, "పండగకి అందరూ వస్తారు కదా" అని సంక్రాంతి దాకా వాయిదా వేసిన ఇళ్లు నాకు తెలుసు. అలా ఆగినందువల్ల ఒక్కరికీ మేలు జరగలేదు.

వయసు కూడా చూడాలి. ఆరేళ్ల లోపు పిల్లలు మాటల్లో చెప్పలేరు, ఆటలో చూపిస్తారు. 2013లో వచ్చిన డీఎస్ఎం-5 అనే వైద్యుల ప్రామాణిక గ్రంథం ఆ వయసు వాళ్లకు లక్షణాల పట్టిక విడిగా ఇచ్చింది అందుకే. మా వాడు ఏడేళ్లవాడైనా డైనింగ్ కుర్చీలు వరసగా పెట్టి బస్సాట ఆడేవాడు. బస్సు ఆగుతుంది, అందరూ పాస్‌పోర్టులు చూపించాలి, మళ్లీ కదులుతుంది, మళ్లీ ఆగుతుంది. ఎన్నిసార్లు ఆడినా ఆ బస్సు ఎక్కడికీ చేరేది కాదు. మామూలు ఆటలో కథ మారుతూ పోతుంది, పిల్లలు నవ్వుతారు. భయంలోంచి పుట్టిన ఆట ఒకే చోట తిరుగుతుంది. ఆ తేడా గమనించండి, డాక్టరుకి చెప్పాల్సిన మొదటి విషయం అదే. పదమూడు, పద్నాలుగేళ్ల వాళ్లలో మౌనం, కోపం, రాత్రంతా ఫోన్‌లో అక్కడి వార్తలు వెతకడం, "మనం వచ్చేశాం, వాడు అక్కడే ఉండిపోయాడు" అనే అపరాధ భావం కనిపిస్తాయి.

యుద్ధాన్ని టీవీలో, ఫోన్‌లో మాత్రమే చూసి భయపడ్డ పిల్లల సంగతి వేరు. 2025 మే 7న మన ఊళ్లో సైరన్లతో మాక్ డ్రిల్ జరిగినప్పుడు మా క్లాసులో సగం మంది పిల్లలు నిజంగానే బాంబులు పడతాయనుకున్నారు. వాళ్లకి కావాల్సింది థెరపీ కాదు. ఇంట్లో వార్తా చానెల్ కట్టేసి, అది ఎందుకు చేశారో నాలుగు ముక్కల్లో చెప్పి, పక్కన కూర్చుంటే చాలు.

మరిపించాలా, చెప్పించాలా

ప్రతి ఇంట్లోనూ పెద్దవాళ్లు రెండు జట్లవుతారు. ఒక జట్టు "ఆ మాటే ఎత్తొద్దు, మర్చిపోతాడు" అంటుంది. రెండోది "లోపల పెట్టుకుంటే ప్రమాదం, అంతా చెప్పించెయ్యాలి" అంటుంది. నేను రెండో జట్టులో ఉన్నాను, తప్పు చేశాను.

వచ్చిన రెండు వారాలకే వాణ్ని ఒక ప్రైవేటు కౌన్సెలర్ దగ్గరికి తీసుకెళ్లాను. ఆయన మొదటి సిట్టింగ్‌లోనే వరసగా అడుగుతూ పోయాడు. బాంబులు ఎంత దూరంలో పడ్డాయి, ఎవరైనా చనిపోవడం చూశావా, అప్పుడు నీకేమనిపించింది? నలభై నిమిషాలు. బాబు బుద్ధిగా అన్నిటికీ జవాబు చెప్పాడు. బయటికొచ్చి ఆటో ఎక్కబోతూ రోడ్డు మీదే వాంతి చేసుకున్నాడు. ఆ తర్వాత రెండు నెలలు డాక్టర్ బోర్డు ఉన్న ఏ గుమ్మమూ ఎక్కలేదు.

కొత్తలో ఇలా ఒక్క సిట్టింగ్‌లో జరిగిందంతా కక్కించే పద్ధతిని డీబ్రీఫింగ్ అంటారు. బ్రిటన్‌లో వైద్య మార్గదర్శకాలు ఇచ్చే నైస్ సంస్థ 2018లోనే దీన్ని చేయొద్దని చెప్పింది. మొదటి రోజుల్లో చేయాల్సిన దాన్ని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2011 నాటి మార్గదర్శినిలో మూడు మాటల్లో చెప్పింది: చూడు, విను, కలుపు. బిడ్డకి ఏం అవసరమో చూడాలి, చెప్పినంత వినాలి, సాయం చేయగల వాళ్లతో కలపాలి. తవ్వడం అందులో లేదు.

అలాగని మొదటి జట్టుది రైటని కాదు. ఇంట్లో అందరూ ఆ మాట దాటేస్తుంటే, అది మాట్లాడకూడని విషయమని బిడ్డకి అర్థమైపోతుంది. భయం తగ్గదు, దాన్ని ఒంటరిగా మొయ్యడం నేర్చుకుంటాడు. మాకు పనికొచ్చిన మాట ఒకటుంది: "నీకు చెప్పాలనిపించినప్పుడు నేను వింటాను. ఇప్పుడే చెప్పక్కర్లేదు." రెండు మూడు వారాలకోసారి, అన్నం తినేటప్పుడో, బట్టలు మడత పెట్టేటప్పుడో ఆ మాట అని వదిలేసేవాళ్లం. "ఇక్కడికి కూడా వస్తారా?" అని వాడు అడిగినప్పుడు మాత్రం దాటెయ్యలేదు. "ఇప్పుడు ఇక్కడ యుద్ధం లేదు. ఏదైనా జరిగితే ఏం చెయ్యాలో పెద్దవాళ్లం మేం చూసుకుంటాం, నువ్వు కాపలా కాయక్కర్లేదు" అన్నాం. వాడు వెంటనే నమ్మలేదు. పదిసార్లు అడిగాడు, పదిసార్లూ అదే చెప్పాం.

అమ్మమ్మ వైద్యం

"గుంటడు జడుసుకున్నాడే" అంది మా అమ్మ, వాళ్లు గుమ్మంలో అడుగు పెట్టగానే. మా అందరికంటే ముందు పసిగట్టింది తనే. ఆ సాయంత్రం నుంచే ఉప్పూ మిరపకాయలతో దిష్టి తీయడం మొదలుపెట్టింది. బురుజుపేట కనకమహాలక్ష్మి అమ్మవారి దగ్గర దారం కట్టించింది. సింహాచలం తీసుకెళ్లి అప్పన్నకి మొక్కుకుంది.

మొదట్లో దీని మీద నేను అమ్మతో గొడవపడ్డాను. తర్వాత కూర్చుని చూశాను. రోజూ అదే వేళకి వాణ్ని ఒళ్లో కూర్చోబెట్టుకుంటుంది, అవే మాటలు అంటుంది, అయ్యాక కాళ్లు కడిగించి పడుకోబెడుతుంది. రోజు ఎలా ముగుస్తుందో తెలియని చోటు నుంచి వచ్చినవాడికి, ప్రతి రాత్రీ ఒకేలా ముగియడం ఎంత పెద్ద విషయమో అప్పుడు తెలిసింది. మీ ఇంట్లో అలాంటి ఆచారం ఉంటే ఆపకండి. తాయెత్తైనా, దర్గాలో ఊదించడమైనా, చర్చిలో ప్రార్థనైనా అంతే.

అయితే బిడ్డ భయపడే పని ఏదైనా సరే వద్దు. పొగ వెయ్యడం, వేపమండలతో కొట్టించడం, "నీలో ఏదో ఉంది" అని చెప్పడం గాయం మీద గాయం. పైగా నెల దాటిందంటే దిష్టితో పాటు వైద్యమూ జరగాలి.

ఇల్లా, హాస్టలా

ఇది మన తెలుగు కుటుంబాల్లో ప్రత్యేకంగా వచ్చే చిక్కు. విదేశంలో ఉద్యోగం పోయింది, అప్పులున్నాయి, నాన్న మళ్లీ గల్ఫ్‌కో ఇంకెక్కడికో వెళ్లాలి. బిడ్డ చదువు వెనకబడింది. అప్పుడు ఎవరో ఒకరు సలహా ఇస్తారు: మంచి రెసిడెన్షియల్‌లో పడేస్తే క్రమశిక్షణ వస్తుంది, తోటి పిల్లల్లో పడి మర్చిపోతాడు.

వచ్చిన మొదటి ఏడాది మాత్రం హాస్టల్ వద్దే వద్దు. ఇందులో నాకు రెండో ఆలోచన లేదు. రెండో ప్రపంచ యుద్ధంలో లండన్ మీద బాంబులు పడుతున్నప్పుడు అనా ఫ్రాయిడ్, డొరొతీ బర్లింగ్‌హామ్ అనే పిల్లల మానసిక నిపుణులు అక్కడి హాంప్‌స్టెడ్‌లో పిల్లల కోసం నర్సరీలు నడిపారు. తల్లి దగ్గరుండి బాంబుదాడులు చూసిన పిల్లల కంటే, భద్రత కోసమని తల్లి నుంచి విడదీసి పంపిన పిల్లలు ఎక్కువ కుంగిపోవడం వాళ్లు గమనించారు. ఎనభై ఏళ్ల నాటి ఆ గమనింపు ఈ రోజుకీ నిలబడింది. నాన్న వెళ్లక తప్పకపోతే అమ్మ ఉండాలి. ఇద్దరికీ కుదరకపోతే, బిడ్డకి బాగా అలవాటైన అమ్మమ్మో, అత్తో, బాబాయో రోజూ కంటికి కనిపించాలి. వెళ్లే మనిషి దొంగచాటుగా వెళ్లకూడదు. ఎప్పుడు వెళ్తున్నారో, ఏ వేళకి ఫోన్ చేస్తారో చెప్పి వెళ్లాలి, ఆ వేళకి చెయ్యాలి.

స్కూల్ విషయంలో ఏడాది గ్యాప్ ఇవ్వడం కంటే వెంటనే చేర్చడమే మేలు. కాకపోతే ర్యాంకుల వేటలో ఉండే స్కూల్ వద్దు. క్లాస్ టీచర్‌కి విషయం చెప్పండి, క్లాసు మొత్తానికీ చెప్పొద్దు. లాంగ్ బెల్ మోగే ముందు వాడికి సైగ చెయ్యమని, తలుపు కనిపించే చోట కూర్చోనివ్వమని మేం అడిగాం. ఆ టీచర్ రెండూ చేసింది. ఆవిడ పుణ్యాన జూన్ నెల గట్టెక్కింది.

థెరపీల్లో ఏది

ఇప్పుడు అసలు పోలిక. నెల దాటి, లక్షణాలు తగ్గని పిల్లల కోసం ఇది.

అన్నిటికంటే ఎక్కువ పరిశోధన ఉన్నది ట్రామా ఫోకస్డ్ సీబీటీ, అంటే మనసుకి తగిలిన గాయం (ట్రామా) మీద దృష్టి పెట్టి, ఆలోచనలనీ ప్రవర్తననీ మెల్లగా మార్చే చికిత్స. దీన్ని అమెరికాలో జుడిత్ కోహెన్, ఆంథొనీ మన్నరీనో, ఎస్తర్ డెబ్లింజర్ రూపొందించారు. 3 నుంచి 18 ఏళ్ల పిల్లలకు పనికొస్తుంది, సాధారణంగా వారానికొకటి చొప్పున 12 నుంచి 16 సిట్టింగులు. మొదటి వారాల్లో యుద్ధం మాటే రాదు. ఊపిరి ఎలా తీసుకోవాలి, ఒంట్లో భయం ఎక్కడ తెలుస్తుంది, కోపానికీ బెంగకీ తేడా ఏమిటి, ఇవి నేర్పిస్తారు. ఆ పట్టు దొరికాకే జరిగిన కథలోకి, కొంచెం కొంచెంగా, బిడ్డ తట్టుకోగలిగినంత మేర వెళ్తారు. తల్లికో తండ్రికో సమాంతరంగా సిట్టింగులు ఉంటాయి. నాకు ఇది నచ్చడానికి అసలు కారణం అదే. వారంలో ఒక గంట థెరపిస్ట్‌ది, మిగతా గంటలన్నీ ఇంటివి. ఇంట్లో వాళ్లకి నేర్పని థెరపీ సగమే.

ఈఎండీఆర్ ఇంకో పేరున్న పద్ధతి. 1980ల చివర్లో ఫ్రాన్సీన్ షాపిరో మొదలుపెట్టారు. బిడ్డ ఆ జ్ఞాపకాన్ని మనసులో తెచ్చుకుంటూ ఉంటే, థెరపిస్ట్ చేతి కదలికను కళ్లతో అటూ ఇటూ వెంబడించమంటారు, లేదా రెండు మోకాళ్ల మీద మార్చి మార్చి తడతారు. పెద్దగా మాట్లాడక్కర్లేదు. మాట పెగలని పిల్లలకు, భాష సమస్య ఉన్నవాళ్లకు ఇది అనుకూలం. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2013లో రెండిటినీ సిఫారసు చేసింది. నైస్ మాత్రం, 7 నుంచి 17 ఏళ్ల వాళ్లలో సీబీటీ పని చెయ్యకపోతేనో, బిడ్డ అందులో కుదురుకోకపోతేనో దీన్ని ఆలోచించమంటుంది. నా సలహా కూడా అదే వరస. ఊళ్లో పిల్లలతో ఈఎండీఆర్ చేసిన అనుభవం ఉన్నవాళ్లు దొరికి, మీ బిడ్డ అస్సలు నోరు విప్పకపోతే మాత్రం ముందే దాన్ని చూడొచ్చు.

ఒక్క సంఘటన కాకుండా చాలా జరిగి, దేశాలు మారి, కథంతా ముక్కలైపోయిన పిల్లలకు కిడ్‌నెట్ అనే పద్ధతి ఉంది. జర్మనీలోని కాన్‌స్టాంజ్ యూనివర్సిటీ పరిశోధకులు మాగీ షావర్, ఫ్రాంక్ నాయ్‌నర్, థామస్ ఎల్బర్ట్ తయారుచేసిన కథన చికిత్సకు ఇది పిల్లల రూపం. ఉగాండాలోని శరణార్థుల మధ్య పని చేస్తూ దీన్ని మెరుగుపరిచారు. నేల మీద ఒక తాడు పరుస్తారు, అది బిడ్డ జీవితం. మంచి సంగతి ఉన్న చోట పువ్వు, చెడ్డది ఉన్న చోట రాయి పెడతారు. తర్వాత పుట్టుక నుంచి వరసగా, ఒక్కో రాయి దగ్గరా ఆగి, కథ చెప్పుకుంటూ వస్తారు. చివర్లో ఆ కథ రాసి బిడ్డకే ఇస్తారు.

మా వాడికి జూలైలో కుదిరిన క్లినికల్ సైకాలజిస్ట్ సీబీటీ పద్ధతే నడిపింది. కథ భాగానికి వచ్చేసరికి ఈ తాడు తెచ్చింది. తెల్లటి నవ్వారు తాడు, బీచ్‌లో ఏరిన గులకరాళ్లు, మా పెరట్లో నందివర్ధనం పూలు. ఆ రోజు మా చెల్లెలు కూడా లోపలే ఉంది. పక్క బిల్డింగ్ మీద షెల్ పడిన రోజుకి వాడు పెద్ద రాయి పెడతాడని అందరం అనుకున్నాం. దానికి చిన్న గులకరాయి పెట్టాడు. అన్నిటికంటే పెద్ద రాయిని రెండు చేతులతో ఎత్తి, అంతకు ముందు రోజు దగ్గర పెట్టాడు. ఆ రోజు వాళ్ల నాన్న బకెట్ పట్టుకుని నీళ్ల కోసం కిందికి వెళ్లాడు. వచ్చేసరికి ఇరవై నిమిషాలు పట్టింది. అంతసేపూ వాడు తలుపు వెనక నిలబడి అంకెలు లెక్కపెట్టుకున్నాడట. మా మరిదికి ఆ రోజు గుర్తే లేదు.

మంచం కింద పదకొండు బాటిళ్లు అందుకు. ఇంట్లో నీళ్లుంటే నాన్న కిందికి వెళ్లక్కర్లేదు.

బిడ్డకి ఏది బాధో మనకి తెలుసనుకోవడం ఎంత పొరపాటో నాకు ఆ రోజు తెలిసింది. ఏ పద్ధతి ఎంచుకున్నా, బిడ్డ తన రాయిని తనే పెట్టే అవకాశం ఇచ్చే మనిషిని ఎంచుకోండి.

ఒకే చోట చాలామంది పిల్లలుండి, నిపుణులు దొరకనప్పుడు గుంపుగా నేర్పే పద్ధతి ఉంది. 1990ల బోస్నియా యుద్ధం తర్వాత నార్వే, బ్రిటన్ నిపుణులు తయారుచేసిన టీచింగ్ రికవరీ టెక్నిక్స్ అందులో ముఖ్యమైనది. పిల్లలకు అయిదు సిట్టింగులు, తల్లిదండ్రులకు రెండు. శిక్షణ తీసుకున్న టీచర్లు కూడా నడపొచ్చు. అందులో ఒక కిటుకు: మాటిమాటికీ వచ్చే భయంకర దృశ్యాన్ని టీవీ తెర మీద ఉన్నట్టు ఊహించుకోమంటారు. చేతిలో రిమోట్ ఉంది, సౌండ్ తగ్గించు, రంగు తీసెయ్, చిన్నది చెయ్, ఆపెయ్. పిల్లలకి ఇది చప్పున అందుతుంది. ఒకరిద్దరు పిల్లలున్న ఇంటికి ఈ ప్రోగ్రాం అక్కర్లేదు. నేవీ క్వార్టర్స్ స్కూళ్లలాంటి చోట్ల, ఒకే అనుభవం నుంచి వచ్చిన పిల్లలు పదిమంది ఉంటే, యాజమాన్యంతో మాట్లాడి శిక్షణ ఏర్పాటు చేయించడం మంచిది.

ప్లే థెరపీ, బొమ్మలు గీయించడం చిన్నపిల్లలతో మాట కలపడానికి చక్కటి దారులు. కానీ బొమ్మలిచ్చి గంటసేపు ఆడించి పంపడమే థెరపీ అని చెప్పే చోట్లు ఉన్నాయి. ఆటలోంచి ఎటు తీసుకెళ్తున్నారో, ఇంట్లో ఏం చెయ్యాలో నాలుగు సిట్టింగుల తర్వాత కూడా చెప్పకపోతే మారిపోండి.

మందులు

నిద్ర పట్టడానికి మెడికల్ షాపులో జలుబు సిరప్ అడిగి పోసేవాళ్లున్నారు, దయచేసి చెయ్యొద్దు. 18 ఏళ్ల లోపు పీటీఎస్‌డీకి మందులు వాడొద్దని నైస్ చెబుతుంది. భయం తగ్గడానికని పెద్దలకి ఇచ్చే బెంజోడయాజిపైన్ మాత్రలు గాయం కొత్తలో పిల్లలకి ఇవ్వొద్దని ప్రపంచ ఆరోగ్య సంస్థ అంటుంది. తీవ్రమైన డిప్రెషన్ లాంటిది కలిసి ఉంటే సైకియాట్రిస్ట్ మందు రాయొచ్చు, అది వేరే సంగతి. బిడ్డ చచ్చిపోతానన్నా, తనని తాను గాయపరుచుకున్నా, తిండి మానేసినా ఈ పోలికలన్నీ పక్కన పెట్టి అదే రోజు ఆస్పత్రికి తీసుకెళ్లండి.

విశాఖలో ఎక్కడికి

ఏం చెయ్యాలో తోచకపోతే మొదటి మెట్టు టెలి మానస్, 14416. 2022 అక్టోబరులో కేంద్ర ప్రభుత్వం మొదలుపెట్టిన ఉచిత హెల్ప్‌లైన్. ఇరవై నాలుగు గంటలూ ఉంటుంది, తెలుగులో మాట్లాడతారు. దారి చూపించడానికి బాగుంటుంది. పన్నెండు వారాల థెరపీకి అది ప్రత్యామ్నాయం కాదు. ఆపదలో ఉన్న పిల్లల కోసం 1098 వేరే ఉంది.

చినవాల్తేరులో ఆంధ్రా మెడికల్ కాలేజీకి అనుబంధంగా ప్రభుత్వ మానసిక వైద్యశాల ఉంది. ఊళ్లో దానికి పెట్టిన పేరు వల్లే చాలామంది ఆ గేటు లోపలికి వెళ్లరు. మా చెల్లెలు కూడా "బాబుని అక్కడికా?" అంది. సైకియాట్రిస్ట్ చేత సరిగ్గా పరీక్ష చేయించడానికి, ఖర్చు భరించలేని వాళ్లకి అది నిజమైన దారి, సిగ్గుపడాల్సింది ఏమీ లేదు. కాకపోతే ప్రభుత్వాస్పత్రి రద్దీలో ప్రతి వారం ఒకే మనిషి గంట సేపు కూర్చోవడం కష్టం. అందుకే కుదిరినవాళ్లు పరీక్ష అక్కడ, వారం వారం థెరపీ ప్రైవేటులో చేయించుకోవడం మధ్యే మార్గం. ఊళ్లో సరైన మనిషి దొరక్కపోతే బెంగళూరు, హైదరాబాద్ నిపుణులతో ఆన్‌లైన్ సిట్టింగులు పెద్ద పిల్లలకు బాగానే నడుస్తాయి. ఎనిమిదేళ్ల లోపు వాళ్లకు మనిషి ఎదురుగా ఉండాలి.

ప్రైవేటుకి వెళ్లే ముందు ఫోన్‌లోనే అడగండి. క్లినికల్ సైకాలజిస్ట్ అయితే రీహాబిలిటేషన్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా రిజిస్ట్రేషన్ ఉందా? ట్రామా ఉన్న పిల్లలతో పని చేశారా, ఏ పద్ధతిలో? మొదటి సిట్టింగ్‌లో ఏం చేస్తారు? మాకు కూడా సిట్టింగులు ఉంటాయా? విదేశంలో పెరిగిన బిడ్డయితే భాష గురించి కూడా అడగండి. మా వాడు చదువు సంగతులు ఇంగ్లీషులో, భయం సంగతులు తెలుగులో చెప్పేవాడు. మొదటి సిట్టింగ్‌లో ఏం చేస్తారన్న దానికి "అంతా చెప్పించేస్తాం" అని జవాబొస్తే ఫోన్ పెట్టెయ్యండి.

ఇంకో మాట తల్లిదండ్రుల గురించి. మా చెల్లెలు ఆరు నెలలు సరిగ్గా నిద్రపోలేదు. ఫోన్ మోగితే మొహం పాలిపోయేది. బిడ్డ ప్రపంచాన్ని చూసేది అమ్మ మొహంలోనే. డబ్బు ఒకరికే సరిపోతుందనుకుంటే, చాలా ఇళ్లలో ముందు చూపించాల్సింది తల్లినేనేమో అని నాకనిపిస్తుంది. మా ఇంట్లో చెల్లెలు తన కోసం వెళ్లడం మొదలుపెట్టిన నెలలోనే వాడు పక్క తడపడం మానేశాడు.

ఈ ఊరి చప్పుళ్లు

వేరే ఊళ్ల వాళ్లకి లేని సమస్య మనకుంది. పోర్టులో ఓడల కూతలు, ఫ్యాక్టరీ సైరన్లు, దీపావళి, అన్నిటికంటే నేవీ డే. 1971లో కరాచీ మీద జరిపిన దాడికి గుర్తుగా డిసెంబరు 4న చేసుకుంటాం. ఆర్కే బీచ్ మీద యుద్ధ విమానాలు కిందుగా దూసుకెళ్తాయి, హెలికాప్టర్లు తిరుగుతాయి, మెరుపులు, పేలుళ్లు. అసలు రోజుకి ముందు రిహార్సల్స్ కూడా ఉంటాయి. తేదీ మారొచ్చు. 2024లో ప్రధాన వేడుక పూరీలో జరగడంతో మన దగ్గర ప్రదర్శన 2025 జనవరి 4న పెట్టారు. కాబట్టి పేపర్లో చూసుకుంటూ ఉండాలి.

తప్పించాలా, అలవాటు చెయ్యాలా? మొదటి ఏడాది తప్పించడమే సరి. 2023లో మేం దీపావళికి, విమానాల రిహార్సల్ రోజులకి అరకు వెళ్లిపోయాం. ఎప్పటికీ తప్పించుకుంటూ పోతే మాత్రం భయం ముదురుతుంది. థెరపీ అయ్యాక, రెండో ఏడాది, సైకాలజిస్ట్ చెప్పిన వరసలో వెళ్లాం. ముందు సౌండ్ లేకుండా వీడియో, తర్వాత తక్కువ సౌండ్‌తో, తర్వాత వాడే సౌండ్ పెంచుతూ. క్యాలెండర్ మీద తేదీ వాడి చేతే రాయించాం. చెవులకి హెడ్‌ఫోన్స్ సిద్ధం చేశాం. "చాలు" అన్న క్షణంలో లోపలికి వచ్చెయ్యాలని మాట ఇచ్చాం.

ఆ జనవరి 4 సాయంత్రం బీచ్‌కి వెళ్లలేదు, ఎంవీపీ కాలనీలో మా మేడ మీద నిలబడ్డాం. మొదటి విమానానికి వాడు నా చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు, గోళ్లు దిగాయి. రెండోదానికి హెడ్‌ఫోన్ ఒక చెవి మీంచి తీసి, "ఇది ఎటు వెళ్తుంది పెద్దమ్మా?" అని అడిగాడు. సముద్రం మీదికి వెళ్లి, తిరిగి దిగిపోతుందని చెప్పాను. కాసేపయ్యాక దాహమేస్తోందని కిందికి వెళ్లాడు. నేను వెనకాల వెళ్లలేదు. ఒక బాటిల్ తెచ్చుకుని, మూత తీసి తాగుతూ మళ్లీ పైకి వచ్చాడు.